తొలి వన్యప్రాణి చిత్రం ఎలా తీయాలి: ఊరి చెట్టు మీది కొంగ గూళ్లతో మొదలుపెట్టండి

వన్యప్రాణి చిత్రాలు తీయాలనే ఆశతో వచ్చేవాళ్లు ముందుగా అడిగేది పులి గురించే. పులిని కొన్నేళ్లు పక్కన పెట్టండి. టైగర్ రిజర్వులో సఫారీ జీపు వాళ్లు చెప్పిన దారిలో, వాళ్లు చెప్పిన గంటల్లోనే తిరుగుతుంది. దాంట్లోంచి తీసిన షాట్లు ఇప్పటికే లెక్కలేనన్ని ఉన్నాయి. ఈ వృత్తిలో మీకు పని ఇచ్చేవాళ్లు జంతువు ఎంత పెద్దదో చూడరు. ఒక ప్రవర్తనను మొదటి నుంచి చివరిదాకా, ఎడిటింగ్ బల్ల మీద ఒకదానికొకటి అతికేలా తీయగలరా అని చూస్తారు. అది నేర్చుకోవాలంటే రోజూ వెళ్లగలిగే చోటు కావాలి, వెళ్లిన ప్రతిసారీ కనిపించే జీవి కావాలి, ఒక సీజన్ మొత్తం కావాలి.

ఈ మూడూ మన దగ్గరే ఉన్నాయి. ఊరి చింతచెట్టు మీద గూడు కట్టే ఎర్రకాళ్ల కొంగను (పెయింటెడ్ స్టార్క్) తీసుకోండి. గుడ్డు పెట్టిన నాటి నుంచి పొదగడానికి దాదాపు నెల, పిల్ల ఎగరడానికి మరో రెండు నెలలు. అంటే మూడు నెలల్లో ఒక పూర్తి కథ. పది నిమిషాల చిత్రానికి అంతకంటే మంచి పాఠశాల దొరకదు.

మొదటి పని: చోటు

శ్రీకాకుళం జిల్లా టెక్కలి దగ్గరి తేలినీలాపురం, గుంటూరు పక్కనే ఉన్న ఉప్పలపాడు, సూళ్లూరుపేట దగ్గరి నేలపట్టు, కైకలూరు దగ్గర ఆటపాక, శ్రీ సత్యసాయి జిల్లాలో వీరాపురం. ఇవన్నీ పేరున్న చోట్లు. తేలినీలాపురంలో గూడబాతులు (పెలికన్లు), ఎర్రకాళ్ల కొంగలు ఊరి చెట్ల మీదే గూళ్లు కడతాయి. అవి వస్తే వానలు, పంటలు బాగుంటాయని ఊరివాళ్ల నమ్మకం. వీరాపురంలో చింతచెట్ల మీద కొంగలు, కింద ఇళ్లు. ఇలాంటి ఊళ్లు తొలి చిత్రానికి అభయారణ్యాల కంటే మేలు. పక్షికి మనిషి అలవాటై ఉంటాడు, మీకు ఎత్తయిన డాబాలు దొరుకుతాయి.

కానీ పేరున్న ఊరికే వెళ్లి తీరాలని లేదు. మీ ఇంటికి అరగంట దూరంలో నత్తగుల్ల కొంగలో, నీటికాకులో గుంపుగా గూళ్లు కడుతుంటే అదే మీ చోటు. తెలంగాణలో బావిగట్టు మీద గిజిగాడి కాలనీ ఉన్నా సరే. వర్షాకాలంలో మగపిట్ట గూడు సగం అల్లి వేలాడుతూ రెక్కలు కొడుతుంది, ఆడపిట్టలు వచ్చి లోపలికి తొంగి చూస్తాయి, నచ్చితేనే మిగతా సగం పూర్తవుతుంది. కథ తనంతట తానే నడుస్తుంది. దూరం విషయంలో మాత్రం రాజీ పడకండి. రెండు వందల కిలోమీటర్ల దూరంలోని అద్భుతమైన చోటుకు మీరు ఐదుసార్లు వెళతారు, పది కిలోమీటర్ల దూరంలోని మామూలు చోటుకు యాభైసార్లు వెళతారు. గుడ్డు పగిలే రోజు మీరు అక్కడ ఉండాలి కదా.

చోటు ఖాయం చేసుకున్నాక మొదటి వారం కెమెరా ఇంట్లో వదిలేయండి. నోటుబుక్కు, 8×42 బైనాక్యులర్ చాలు. చెట్టు బొమ్మ గీసి గూళ్లకు అంకెలు వేయండి. ఏ గూడు మీద ఎండ ఎప్పుడు పడుతోంది, పెద్ద పక్షులు ఏ దిక్కు నుంచి వచ్చి వాలుతున్నాయి, ఏ గూటి ముందు కొమ్మ అడ్డం లేదు, ఇవి రాసుకోండి. కొంగలు, గూడబాతులు గాలికి ఎదురుగా వాలతాయి. గాలి మీ వీపు వైపు నుంచి వీస్తుంటే అవి మీకేసి ముఖం పెట్టి దిగుతాయి. వారం చివర రెండు ముఖ్య గూళ్లు, రెండు అదనపు గూళ్లు ఎంచుకోండి. ఒక్క గూటినే నమ్ముకుంటే గాలివానకు అది పడిపోయిన రోజున మీ చిత్రమూ పడిపోతుంది.

అనుమతులు

ఊరి చెట్టు అభయారణ్యం కాదు కాబట్టి అడిగేవాడు లేడనుకోకండి. వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972లో 'వేట'కు ఇచ్చిన నిర్వచనంలో అడవి పక్షుల గుడ్లను పాడుచేయడమే కాదు, గుడ్లను, గూళ్లను కదిలించి ఇబ్బంది పెట్టడం కూడా ఉంది. అంటే షాట్ కోసం అడ్డొచ్చిన కొమ్మ విరిచి గూటిని కదిపితే చట్టం దృష్టిలో మీరు వేటగాడి వరసలోకి వస్తారు.

అభయారణ్యంలో తీయాలంటే అదే చట్టం 28వ సెక్షన్ కింద చీఫ్ వైల్డ్‌లైఫ్ వార్డెన్ అనుమతి కావాలి. 2022 సవరణతో ఆ సెక్షన్‌లో చిత్ర నిర్మాణాన్ని పేరు పెట్టి చేర్చారు, ఆవాసానికి గానీ ప్రాణులకు గానీ ఏ మార్పూ హానీ చేయకూడదన్న షరతుతో. దరఖాస్తును మీ డివిజనల్ ఫారెస్ట్ ఆఫీసర్ ద్వారా పంపండి. అందులో ఉండాల్సినవి: ఒక పేజీ కథాసారం, షూటింగ్ తేదీలు, చోట్లు, బృందంలో ప్రతి ఒక్కరి గుర్తింపు పత్రం, సీరియల్ నంబర్లతో పరికరాల జాబితా, వాహనం నంబరు. సీజన్‌కు కనీసం మూడు నెలల ముందు ఇవ్వండి. ఎక్కువగా ఆలస్యమయ్యేది తేదీలు 'త్వరలో' అని రాసినప్పుడు, లేదా డ్రోన్ సంగతి దాచి తర్వాత అడిగినప్పుడు. డ్రోన్‌కు 2021 డ్రోన్ నియమాలు వేరు, అటవీ అనుమతి వేరు. రెండూ ఉన్నా గూళ్ల మీదుగా ఎగరేయకండి. పైనుంచి వచ్చే నీడ పక్షికి గద్దే.

ఊళ్లో అనుమతి కాగితం మీద రాదు. సర్పంచ్‌ను కలవండి, ఆ తర్వాత చెట్టు ఎవరి దొడ్లో ఉందో ఆ ఇంటికి వెళ్లండి. ఏం తీస్తున్నారో, ఎన్నాళ్లు వస్తారో, తెల్లవారుజామున నాలుగున్నరకే వస్తారన్న సంగతితో సహా చెప్పండి. ఆ ఇంటి పెద్దమ్మకు ఏ గూటిలో ఎప్పుడు పిల్ల లేచిందో మీకంటే ముందు తెలుస్తుంది. పొద్దున్నే వాకిట్లో పెంట కడిగేది ఆవిడే. రాలిన గుడ్డుపెంకు మొదట చూసేదీ ఆవిడే. 'పెంకు కనిపిస్తే ఒక్క ఫోన్ కొట్టండి పెద్దమ్మా' అని నంబరు ఇచ్చి రండి.

పరికరాలు: డబ్బు ఏ వరసలో ఖర్చుపెట్టాలి

అందరూ ముందు కెమెరా కొంటారు. ముందు కొనాల్సింది ట్రైపాడ్, అందులోనూ దాని తల. తల కూర్చునే 75 మిల్లీమీటర్ల గిన్నె ఉన్న కాళ్లు, బరువును తూచి నిలబెట్టే, కుదుపు లేకుండా మెల్లగా తిరిగే ఫ్లూయిడ్ హెడ్. హ్యాండిల్ వదిలేస్తే లెన్స్ ముక్కు కిందికి వాలకూడదు, పైకి లేవకూడదు. ఇది కుదరని హెడ్ మీద ఎంత ఖరీదైన కెమెరా పెట్టినా ఎగిరే పక్షితో పాటు తిప్పినప్పుడు షాట్ ఎగిరెగిరి పడుతుంది.

లెన్స్ ఎంత ఉండాలో ఊహించక్కర్లేదు, లెక్క ఉంది. ఫుల్‌ఫ్రేమ్ (పెద్ద సెన్సార్) కెమెరాకు 400 ఎంఎం లెన్స్ పెట్టి 30 మీటర్ల దూరం నుంచి చూస్తే ఫ్రేమ్ ఎత్తు సుమారు ఒకటిన్నర మీటర్లు. ఎర్రకాళ్ల కొంగ ఎత్తు మీటరుకు కాస్త అటూ ఇటూ. అంటే నిలబడ్డ పక్షి ఫ్రేములో మూడింట రెండొంతులు నింపుతుంది, మీడియం షాట్‌కు సరిపోయింది. ముక్కు, కన్ను దగ్గరగా కావాలంటే 600 ఎంఎం దాటాలి. చిన్న సెన్సార్ కెమెరాలో (ఏపీఎస్-సీ) అదే 400 లెన్స్ 600 పని చేస్తుంది. కొత్తవాళ్లకు 150–600 జూమ్ మంచి ఎంపిక. అదీ అందకపోతే ఒక అంగుళం సెన్సార్‌తో పొడవు జూమ్ ఉన్న, లెన్స్ మార్చక్కర్లేని బ్రిడ్జ్ కెమెరా ఒకటి సెకండ్‌హ్యాండ్‌లో తీసుకోండి. తొలి చిత్రం దాంతో అవుతుంది.

ఇంకా కావాల్సినవి: లెన్స్‌లోకి వచ్చే వెలుగును తగ్గించే ఎన్‌డీ ఫిల్టర్ (ఎంత తగ్గించాలో మార్చుకోగలది), బొచ్చు కవరు ఉన్న షాట్‌గన్ మైక్ (ఎదురుగా ఉన్న శబ్దాన్నే ఎక్కువగా పట్టేది), చిన్న రికార్డర్, మూడు బ్యాటరీలు, తెల్ల తువ్వాలు. తువ్వాలు ఎండలో నల్ల కెమెరా మీద కప్పడానికి, లేకపోతే 4కే రికార్డింగ్ మధ్యలో వేడెక్కి ఆగిపోతుంది. డాబా పిట్టగోడ మీద లెన్స్ ఆనించడానికి రెండు కిలోల బియ్యం పోసి కుట్టిన గుడ్డసంచి ఒకటి.

మాటు

ఊళ్లో అయితే డాబానే మీ మాటు. గూటికి సమానమైన ఎత్తు దొరకడం పెద్ద వరం. కింద నుంచి తీసిన గూడు పుల్లల అడుగు మాత్రమే చూపిస్తుంది. తూర్పు వైపు డాబా ఎంచుకుంటే ఉదయం ఎండ మీ వీపు మీద, పక్షి ముఖం మీద ఉంటుంది. పిట్టగోడ వెనక కుర్చీలో కూర్చోండి. నిలబడితే మీ తల ఆకాశం మీద నల్లగా కదులుతుంది. రంగురంగుల చొక్కా వద్దు. ఫోన్ సైలెంట్‌లో ఉండాలి.

చెరువు గట్టు మీదైతే గుడారం వేయాలి. నాలుగు వెదురు గడలు, మట్టిరంగు గుడ్డ లేదా గోనెపట్టాలు. నాలుగడుగుల చదరం, ఐదడుగుల ఎత్తు. ముందు వైపు కూర్చున్న కంటి ఎత్తులో ఒక చీలిక, లెన్స్ బయటికి పొడుచుకు రాకూడదు. గుడ్డ వదులుగా ఉండి గాలికి కొట్టుకుంటే పక్షులు ఎప్పటికీ దగ్గరకు రావు, గట్టిగా లాగి కట్టండి. దీన్ని ఒక్కసారే దగ్గర పెట్టకండి. మొదట 80 మీటర్ల దూరంలో నిలిపి రెండు రోజులు ఖాళీగా వదిలేయండి. తర్వాత రెండు రోజులకోసారి పది పదిహేను మీటర్లు ముందుకు. 40 మీటర్ల దగ్గర ఆగండి, అంతకు మించి గూళ్ల వైపు వెళ్లకండి. లోపలికి చీకటి ఉండగానే వెళ్లాలి. బయటికి రావడం పక్షులు మేతకు వెళ్లిన వేళ చూసుకుని. పగలే వెళ్లక తప్పకపోతే ఇద్దరు కలిసి లోపలికి వెళ్లండి, ఒకరు తిరిగి నడిచి వెళ్లిపోతే పక్షులు సాధారణంగా సర్దుకుంటాయి.

పక్షి ఇబ్బంది పడుతోందని ఎలా తెలుస్తుంది? ఈకలు దువ్వుకోవడం ఆపుతుంది. మెడ నిటారుగా సాగదీస్తుంది. గుడ్ల మీద నుంచి లేచి నిలబడుతుంది. ఎగరబోయే ముందు రెట్ట వేస్తుంది. పిల్లలైతే భయంతో తిన్న చేపలు కక్కేస్తాయి. మెడ సాగినప్పుడే మీరు ఆగాలి. ఎగిరిపోయిన పక్షి పది నిమిషాల్లో తిరిగి గూటికి రాకపోతే సామాను సర్దుకుని వెనక్కి వచ్చేయండి. పెద్ద పక్షి లేని గూటి మీదికి కాకులు రావడానికి ఐదు నిమిషాలు చాలు. అవి రాకపోయినా మధ్యాహ్నపు ఎండే గుడ్డును చంపుతుంది. ఏ షాటూ అంత విలువ చేయదు.

కెమెరా సెట్టింగులు

మన టీవీ ప్రమాణం సెకనుకు 25 ఫ్రేములు. షటర్, అంటే ఒక్కో ఫ్రేము వెలుగు పట్టే సమయం, సెకనులో 1/50. వాలడం, ఎగరడం లాంటివి 100 ఫ్రేములతో, షటర్ 1/200తో తీసి 25లో ఆడిస్తే నాలుగింతలు నెమ్మదిస్తాయి. అన్నీ స్లో మోషన్‌లో తీసే అలవాటు మానండి. నడక, గూడు సర్దడం, పిల్లల పోట్లాట అసలు వేగంలోనే బాగుంటాయి.

ఎన్‌డీ ఎంత వేయాలన్నది చాలామందికి చిక్కు. నడి ఎండలో ఐఎస్ఓ (వెలుగుకు సెన్సార్ స్పందించే స్థాయి) 100, షటర్ 1/100 అయితే ఎపర్చర్ (లెన్స్ కన్ను తెరిచే కొలత) ఎఫ్ 16 సరిపోతుంది. షటర్ 1/50కి దించితే ఒక స్టాప్ (అంటే రెట్టింపు) వెలుగు ఎక్కువ, ఎఫ్ 5.6కి తెరిస్తే మరో మూడు స్టాపులు. మొత్తం నాలుగు, అంటే ఎన్‌డీ 16. లాగ్ ప్రొఫైల్‌లో (రంగులు తర్వాత ఎడిటింగ్‌లో దిద్దుకునేలా చప్పగా రికార్డ్ చేసే పద్ధతి) తీస్తూ ఐఎస్ఓ 800 కంటే తగ్గడం కుదరని కెమెరాలో ఇంకో మూడు స్టాపులు కలిపి ఏడు, అంటే ఎన్‌డీ 128. ఇది లేకుండా షటర్ పెంచేస్తే రెక్కల కదలిక టకటకమని తెగి తెగి కనిపిస్తుంది.

తెల్ల పక్షి, వెనక నల్లటి చింతాకు గుబురు: వెలుగు కొలిచే కెమెరా మీటరు ఇక్కడ మోసపోతుంది. ఆకుల చీకటి చూసి వెలుగు పెంచుతుంది, కొంగ వీపు తెల్ల కాగితంలా మారిపోతుంది. కాలిపోయిన తెలుపు తిరిగి రాదు. జీబ్రాను (వెలుగు మితిమీరిన చోట స్క్రీన్ మీద గీతలు చూపే సదుపాయం) 95 శాతం దగ్గర పెట్టి, తెల్ల ఈకల మీద గీతలు అప్పుడే పోయేవరకు ఎక్స్‌పోజర్ తగ్గించండి. మామూలుగా మీటరు చెప్పినదాని కంటే ఒక స్టాప్ కిందికి వస్తుంది. తోక దగ్గరి గులాబీ ఈకల రంగు కూడా అప్పుడే నిలుస్తుంది.

ఇక పొడవు లెన్సుకు అసలు శత్రువు ఎండ. పొద్దున తొమ్మిదిన్నర దాటాక రేకుల కప్పులు, చెరువు గట్టు, పొలం మీద నుంచి వేడిగాలి లేస్తుంది. స్క్రీన్‌లో పక్షి అంచులు నీళ్లలో ముంచినట్టు వణుకుతాయి. కొత్తవాళ్లు ఫోకస్ పోయిందని రింగు తిప్పుతూనే ఉంటారు, లెన్స్ సర్వీసింగ్‌కు ఇచ్చినవాళ్లూ ఉన్నారు. లెన్స్‌లో లోపం లేదు, మధ్యలో ఉన్న గాలిలో ఉంది. దీనికి ఫిల్టర్ లేదు, ఎడిటింగ్‌లో మందు లేదు. దూరం తగ్గించాలి, ఎత్తు పెంచాలి, లేదా తెల్లవారిన మొదటి రెండున్నర గంటల్లో పని ముగించాలి. అదే వేడి మరో పని చేసి పెడుతుంది. తొమ్మిది, పది గంటలకు గాలి పైకి లేవగానే కొంగలు రెక్కలు చాచి దాని మీద సుడి తిరుగుతూ ఎక్కుతాయి. అప్పుడు జూమ్ పూర్తిగా తగ్గించి ఆకాశం వైపు తిప్పండి. మీ వైడ్ షాట్లు, ఎగిరే గుంపులు అప్పుడే.

ప్రతి షాట్ కనీసం 20 సెకన్లు పట్టుకోండి. చర్య ముగిశాక మనసులో పది లెక్కపెట్టి అప్పుడు ఆపండి. కొత్తవాళ్ల ఫుటేజ్‌లో సగం పనికిరాకుండా పోయేది ఇక్కడే. పక్షి ఎగరగానే రికార్డింగ్ ఆపేస్తారు, ఖాళీ కొమ్మ ఊగే మూడు సెకన్లు ఉండవు, ఎడిటర్‌కు కట్ చేసే చోటు దొరకదు. మీ కెమెరాలో ప్రీ-రికార్డ్ ఉంటే ఆన్ చేయండి, బటన్ నొక్కడానికి ముందరి కొన్ని సెకన్లు కూడా దక్కుతాయి. ట్రైపాడ్ మీద లెన్స్ స్టెబిలైజేషన్ ఫ్రేమును మెల్లగా ఈడుస్తుంటే దాన్ని ఆపేయండి.

ఒక సీక్వెన్స్ కట్టడం: నీళ్లు తెచ్చే కొంగ

సీక్వెన్స్ అంటే ఒక చర్యను మొదటి నుంచి చివరిదాకా చెప్పే షాట్ల వరస. షాట్‌కూ సీక్వెన్స్‌కూ తేడా ఒక ఉదాహరణతో చూద్దాం. ఎండ ముదిరాక ఎర్రకాళ్ల కొంగ ముక్కునిండా నీళ్లు తెచ్చి గూటిలో పిల్లల మీద జారవిడుస్తుంది. రెక్కలు సగం విప్పి గొడుగులా నిలబడుతుంది. చూసినవాడు మరిచిపోడు. కానీ దాన్ని ఒకే పొడవాటి షాట్‌గా తీసుకొస్తే చిత్రంలో ఇమడదు. కావాల్సినవి ఇవి:

ఎండలో తెల్లబారిన ఊరి వైడ్. చెట్టు, గూళ్లు, మీద ఖాళీ ఆకాశం. గూటిలో పిల్లలు నోళ్లు తెరిచి, గొంతు చర్మం అదురుతూ రొప్పుతున్న క్లోజప్. చెరువులో పెద్ద పక్షి ముక్కు ముంచి పైకెత్తడం. చెరువు నుంచి ఎగిరి వెళ్లడం. గూటి దగ్గర పిల్లలు తలలు తిప్పి ఒకే దిక్కు చూడడం. రెక్కలు కొడుతూ వాలడం, ఇది 100 ఫ్రేములతో. ముక్కు చివర నుంచి నీటి ధార, బాగా దగ్గరగా. తడిసిన నూగు మీద చుక్కలు. రెక్క నీడలో ఒదిగిన పిల్లలు, మీడియం. మళ్లీ వైడ్.

ఇవన్నీ ఒక్క రోజులో, ఒక్క పక్షితో రావు. పన్నెండు రోజులు పట్టొచ్చు. అందుకే అతకాల్సినవి గుర్తుపెట్టుకోండి: గూటికి ఒకే వైపు నుంచి తీయాలి, ఎండ అదే కోణంలో ఉండాలి, పిల్లల వయసు కలవాలి. పది రోజుల పిల్లకూ ఇరవై రోజుల పిల్లకూ పరిమాణంలో చాలా తేడా, చూసేవాళ్లు ఇట్టే పట్టేస్తారు. చెరువులో తీసిన పక్షీ గూటి మీది పక్షీ వేరైతే వ్యాఖ్యానంలో 'ఈ తల్లి' అనకండి, 'కొంగ నీళ్లు పడుతుంది' అనండి. పైగా ఆడ, మగ రెండూ పొదుగుతాయి, రెండూ మేపుతాయి. మగది కాస్త పెద్దది, ముక్కు పొడవు. జంట పక్కపక్కన నిలబడితే తప్ప పోల్చలేరు. తెలియనప్పుడు 'తల్లి' అనే మాటే వాడకండి.

ఇదే పద్ధతిలో మేత సీక్వెన్స్ (నీళ్లలో ముక్కు సగం తెరిచి అటూ ఇటూ ఊపుతూ, చేప తగలగానే మూయడం), గూడు కట్టడం, పిల్ల తొలిసారి ఎగరడం తీయండి. బాగా కుదిరిన సీక్వెన్సులు ఐదుంటే పది నిమిషాల చిత్రం ఉన్నట్టే. ఎర వేయకండి, కూత రికార్డింగ్ వినిపించి పిలవకండి.

శబ్దం

దీన్ని వదిలేసిన చిత్రాలు చూసేవాళ్లకు ఎందుకో ఉత్తుత్తిగా అనిపిస్తాయి. పెద్ద కొంగలు దాదాపు మూగవి, ముక్కు టకటక కొట్టడమే వాటి మాట. గోలంతా పిల్లలదే. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో రికార్డ్ చేయండి. 30 మీటర్ల దూరం నుంచి మైక్‌కు గూటి శబ్దం రాదు. బదులుగా స్కూటర్, దేవాలయం మైకు, పక్కింటి మిక్సీ వస్తాయి. చిన్న రికార్డర్‌ను ప్లాస్టిక్ డబ్బాలో పెట్టి, మైక్ మాత్రం బొచ్చు కవరుతో బయటికి ఉంచి, ఇంటివాళ్ల అనుమతితో చెట్టు మొదట్లో రాత్రికి వదిలేయండి. తెల్లవారి నాలుగు, ఐదు గంటల మధ్య ఊరు నిద్రలో ఉండగా వచ్చే కాలనీ శబ్దమే మీ చిత్రానికి నేపథ్యం. దానితో పాటు ఏ చోట తీసినా రెండు నిమిషాల ఖాళీ వాతావరణ శబ్దం తప్పనిసరి.

రోజువారీ లెక్క

సెకనుకు 100 మెగాబిట్ల 4కే ఫుటేజ్ గంటకు 45 జీబీ. రోజుకు ఒక గంట రికార్డ్ చేస్తే 40 రోజులకు 1,800 జీబీ. 2 టీబీ డిస్క్ అంచుదాకా నిండిపోతుంది, కాబట్టి 4 టీబీవి కొనండి, రెండు. ఒకటి మీ బల్ల మీద, రెండోది వేరే ఇంట్లో. రెండూ ఒకే సంచిలో పెట్టి బస్సులో వెళ్లేవాళ్లకు రెండు కాపీలు ఉన్నట్టు కాదు. రెండు కాపీలు తెరిచి చూసి సరిపోయాయని నిర్ధారించుకునేదాకా కార్డు ఫార్మాట్ చేయకండి. అలసిపోయి తిరిగొచ్చిన రాత్రే ఈ పొరపాటు జరుగుతుంది.

అదే రాత్రి లాగ్ (తీసిన క్లిప్పుల పద్దు) రాయండి: తేదీ, క్లిప్ నంబరు, గూడు నంబరు, ఏం జరిగింది, షాట్ సైజు, అయిదు మార్కులకు ఎన్ని. '14వ తేదీ, క్లిప్ 37, గూడు 3, పెద్ద పక్షి చేపలు గూటి అడుగున కక్కింది, చిన్న పిల్లకు అందలేదు, మీడియం, 4' అని. మర్నాటికి వాయిదా వేస్తే మూడు నెలల తర్వాత 40 గంటల ఫుటేజ్ ముందు కూర్చుని ఏ పిల్ల ఏదో తెలియక తల పట్టుకుంటారు.

కోస్తా తేమలో లెన్స్‌కు బూజు పడుతుంది. గాలి చొరని డబ్బాలో సిలికా జెల్ వేసి తేమ 40–50 శాతం మధ్య ఉంచండి. ఏసీ గది నుంచి తెల్లవారుజామున బయటికి తెచ్చేటప్పుడు సంచి జిప్పు తీయకుండా అరగంట ఉంచండి, లేకపోతే అద్దం మీద ఆవిరి పట్టి సూర్యోదయం కాస్తా పోతుంది. చెట్టు కింద పనిచేస్తే టోపీ, ముక్కుకు మాస్కు. రెట్ట పడితే వెంటనే తడిగుడ్డతో తుడవండి, ఎండితే లెన్స్ పూత మీద మచ్చ మిగులుతుంది.

ఎడిటింగ్, వ్యాఖ్యానం

డావిన్చీ రిజాల్వ్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఉచిత వెర్షన్ ఈ పనికి చాలు. పాత ల్యాప్‌టాప్ అయితే ముందు తక్కువ రిజల్యూషన్ ప్రాక్సీలు (ఎడిటింగ్ కోసం వాడే తేలిక కాపీలు) చేసుకోండి. లాగ్‌లో 4, 5 మార్కులు వచ్చినవే టైమ్‌లైన్ మీదికి తీసుకురండి. సీక్వెన్సులు విడివిడిగా కట్టి, వ్యాఖ్యానం, సంగీతం లేకుండా ఎవరికైనా చూపించండి. ఏం జరుగుతోందో వాళ్లకు అర్థం కాకపోతే షాట్ తక్కువైందన్నమాట. ఇంకా సీజన్ మిగిలి ఉంటే వెళ్లి తీసుకురండి. అందుకే ఎడిటింగ్‌ను చివరిదాకా ఆపకుండా రెండో నెలలోనే మొదలుపెట్టాలి.

పది నిమిషాల చిత్రానికి వ్యాఖ్యానం 500 మాటలు దాటకూడదు. తెరమీద కనిపిస్తున్నదాన్ని మళ్లీ మాటల్లో చెప్పకండి. 'కొంగ వాలింది' అక్కర్లేదు, ఎక్కడి నుంచి వచ్చిందో చెప్పండి. పుస్తకాల తెలుగు వద్దు. 'జలచర పక్షులు ఆహారాన్వేషణలో నిమగ్నమై' అని రాసేకంటే 'మేతకు పోయాయి' అనండి. స్థానిక పేర్లు వాడండి, ఆ ఊళ్లో ఆ పక్షిని ఏమంటారో అడిగి మరీ.

తుది కాపీకి ముందు ఆ ఊళ్లోనే బడి గోడ మీద ప్రొజెక్టర్‌తో వేసి చూపించండి. ఊరివాళ్లు తప్పులు అక్కడికక్కడే పట్టేస్తారు: ఆ చెట్టు పేరు అది కాదనో, ఆ నెలలో చెరువులో నీళ్లు ఉండవనో. రాసుకుని సరిదిద్దండి.

ఆ చిత్రంతో పని వెతుక్కోవడం

పేరున్న సిరీస్‌లకు నేరుగా కెమెరామన్‌గా ఎవరూ వెళ్లరు. దారులు ఇవి: ఫీల్డ్ అసిస్టెంట్, కెమెరా అసిస్టెంట్, పరిశోధకుడు, ఫుటేజ్ లాగర్, అసిస్టెంట్ ఎడిటర్. విదేశీ బృందం ఇక్కడికి వచ్చినప్పుడు వాళ్లకు కావాల్సింది చోటు తెలిసినవాడు, అనుమతులు నడపగలిగినవాడు, తెల్లవారుజామున మాటులో కదలకుండా ఆరు గంటలు కూర్చోగలిగినవాడు. మీ మూడు నెలల లాగ్‌బుక్కు ఈ మూడింటికీ సాక్ష్యం. దరఖాస్తుతో పాటు దాని రెండు పేజీలు జత చేయండి.

షోరీల్ (మీ పని నమూనాలు చూపే వీడియో) రెండు నిమిషాలు మించకూడదు. మొదటి 40 సెకన్లలో ఒక పూర్తి సీక్వెన్స్ ఉంచండి. సూర్యాస్తమయాలు, సంగీతానికి తగ్గట్టు కట్ చేసిన అందమైన షాట్ల దండ వద్దు, అందరి రీల్‌లోనూ అవే ఉంటాయి.

చదువుకోవాలంటే పుణెలోని ఎఫ్‌టీఐఐ, కోల్‌కతాలోని ఎస్‌ఆర్‌ఎఫ్‌టీఐ అనే ఫిల్మ్ స్కూళ్లు కెమెరా, ఎడిటింగ్, సౌండ్ నేర్పుతాయి. అస్సాంలోని తేజ్‌పూర్‌లో గ్రీన్ హబ్ ఈశాన్య రాష్ట్రాల యువతకు వన్యప్రాణి చిత్రాల్లో ఫెలోషిప్ ఇస్తుంది. ఇంగ్లండ్‌లోని బ్రిస్టల్ ఈ రంగానికి పాత కేంద్రం. బీబీసీ నేచురల్ హిస్టరీ యూనిట్ 1957లో అక్కడే మొదలైంది, వైల్డ్‌స్క్రీన్ అనే వన్యప్రాణి చిత్రోత్సవం 1982 నుంచి అక్కడే జరుగుతోంది. జంతుశాస్త్రం చదివినవాళ్లూ ఈ రంగంలో చాలామంది ఉన్నారు. డిగ్రీ ఏదైనా, పక్షి తర్వాతి క్షణంలో ఏం చేస్తుందో ముందే తెలిసినవాడికే షాట్ దొరుకుతుంది.

మొదటి ఐదారేళ్లు ఇదొక్కటే తిండి పెట్టదు. పెళ్లిళ్ల షూటింగ్, ప్రకటనలు, స్వచ్ఛంద సంస్థల వీడియోలు చేసుకుంటూ పక్షుల సీజన్‌లో మాత్రం తేదీలు ఇవ్వకుండా ఉంచుకోవాలి. చాలా చోట్ల కార్తీక మాసపు ముహూర్తాలు గూళ్ల కాలంలోనే వస్తాయి. ఏడాది మొదట్లోనే నిర్ణయించుకుని క్యాలెండర్‌లో గీత కొట్టండి.

చిత్రం ఎవరికి చూపించాలో కూడా ముందే ఆలోచించండి. వన్యప్రాణి చిత్రాల దర్శకుడు మైక్ పాండే గుజరాత్ తీరంలో తిమింగల సొరల వేటను చిత్రించి చూపించాక, 2001లో ఆ చేపను వన్యప్రాణి చట్టంలో అన్నింటికంటే ఎక్కువ రక్షణ ఇచ్చే మొదటి షెడ్యూల్‌లో చేర్చారు. దాన్ని చూడాల్సినవాళ్లు చూశారు కాబట్టే అది జరిగింది. మీ కాలనీలో చెట్లు కొట్టేస్తుంటే, చెరువు ఎండిపోతుంటే అది చూపే నాలుగు నిమిషాలు విడిగా కట్ చేసి జిల్లా కలెక్టర్‌కు, అటవీ శాఖకు, పంచాయతీకి తేదీలతో సహా ఇవ్వండి.

ఒప్పందం మీద సంతకం చేసేటప్పుడు మూడు వాక్యాలు వెతకండి. రా ఫుటేజ్ (ఎడిట్ చేయని అసలు ఫుటేజ్) ఎవరిది? కొన్నవాళ్లు ఎన్నేళ్లు, ఏ మాధ్యమాల్లో వాడుకోవచ్చు? మీ పేరు తెర మీద ఎలా వస్తుంది? 'అన్ని హక్కులు, శాశ్వతంగా' అని ఉంటే ధర వేరుగా అడగండి, లేదా కొన్ని సెకన్ల క్లిప్‌కు మాత్రమే, కొంతకాలానికి మాత్రమే లైసెన్స్ ఇవ్వండి. గూటి చోటును జీపీఎస్‌తో సహా బయటపెట్టే మెటాడేటాను (ఫైల్‌లో దాగి ఉండే వివరాలను) ఫైల్ ఇచ్చే ముందు తీసేయండి. మూల ఫైళ్లను, లాగ్‌ను, అనుమతి పత్రాలను ఒకే ఫోల్డర్‌లో ఏడాది పేరుతో దాచండి. వచ్చే ఏడు అదే చెట్టు మీదికి అవే పక్షులు వచ్చినప్పుడు మొదట తెరవాల్సింది దాన్నే.